టీవీ రచయిత నుంచి కాన్ పురస్కారం దాకా: సకమోతో యూజీ ప్రయాణంలో మనం చూడవలసినది

మీ ప్రశ్న సారాంశాన్ని ముందుగా చెప్పుకుంటాను. హైదరాబాదులో కొన్నేళ్లుగా డైలీ సీరియళ్లకు మాటలు రాస్తున్న మీరు ఈమధ్య ‘మాన్‌స్టర్’ అనే జపనీస్ సినిమా చూశారు. 2023లో కాన్ చిత్రోత్సవంలో ఆ సినిమాకు ఉత్తమ స్క్రీన్‌ప్లే పురస్కారం పొందిన సకమోతో యూజీ ప్రధానంగా టీవీ సీరియళ్ల రచయిత అని తెలిసి ఆశ్చర్యపోయారు. జపాన్‌లో టీవీ నుంచి సినిమాకు ఎదిగే దారి ఎలా ఉంటుంది, స్క్రిప్టు పోటీల్లో గెలిస్తే నిజంగా పని దొరుకుతుందా, డబ్బు విషయంలోనూ హక్కుల విషయంలోనూ రచయితకు మిగిలేదెంత, అందులో మనం నేర్చుకోదగ్గది ఏమైనా ఉందా అన్నవి మీ సందేహాలు. టోక్యోలో ఉంటూ జపనీస్ స్క్రిప్టుల అనువాదమే వృత్తిగా బతుకుతున్నవాణ్ణి కనుక నాకు తెలిసినంత మేరకు వివరంగానే రాస్తున్నాను. పేర్లన్నీ ఇంటిపేరు ముందుంచి రాస్తున్నాను. ఆ అలవాటు వాళ్లకూ మనకూ ఒకటే.

టీవీ కింది మెట్టు, సినిమా పై మెట్టు అనే లెక్క మీ ప్రశ్నలో ఉంది. జపాన్‌లో నటీనటులకూ దర్శకులకూ అది కొంతవరకు వర్తిస్తుంది గాని రచయితలకు వర్తించదు. ఒక రచయిత పేరు చెప్పి జనాన్ని టీవీ ముందు కూర్చోబెట్టడం అక్కడ దశాబ్దాలుగా ఉన్నదే. కొత్త సీరియల్ ప్రకటనలో తారల పేర్ల తర్వాత ప్రేక్షకుడు వెతికేది ‘స్క్రిప్ట్ ఎవరు’ అన్న దాన్నే. సినిమా పోస్టరు మీద రచయిత పేరు చూసి టికెట్టు కొనేవాళ్లు మాత్రం అక్కడా తక్కువే. ఇలా ఎందుకు జరిగిందో తెలుసుకుంటే సకమోతో ప్రయాణం సగం అర్థమవుతుంది.

జపాన్‌లో సినిమా థియేటర్లకు జనం అత్యధికంగా వెళ్లిన సంవత్సరం 1958. ఆ ఏడాది 112 కోట్లకు పైగా టికెట్లు అమ్ముడుపోయాయి. తర్వాత టీవీ ఇంటింటికీ వచ్చేసరికి ఆ సంఖ్య కొన్నేళ్లలోనే కుప్పకూలింది, స్టూడియోల్లో నెలజీతాల మీద ఉన్న రచయితలూ సహాయ దర్శకులూ ఒక్కొక్కరే బయటికి వచ్చారు. షోచికు స్టూడియో స్క్రిప్టు విభాగంలో పనిచేసి బయటికి వచ్చిన హషిదా సుగాకో తర్వాతి కాలంలో ‘ఒషిన్’ రాశారు. 1983 ఏప్రిల్ నుంచి ఏడాది పాటు, ఉదయం పూట పావుగంట చొప్పున 297 ఎపిసోడ్లుగా వచ్చిన ఆ ధారావాహిక సగటు రేటింగు 52.6 శాతం. అదే షోచికులో సహాయ దర్శకుడిగా ఉన్న యమదా తైచి 1965లో బయటికి వచ్చి, పైకి చల్లగా కనిపించే మధ్యతరగతి కుటుంబాల లోపలి పగుళ్లను టీవీలో చూపించారు. టీవీ హాస్యం నుంచి కుటుంబ కథల దాకా రాసిన ముకోదా కునికో 1980లో సాహిత్యానికిచ్చే నవోకి పురస్కారం కూడా అందుకుని, మరుసటి ఏడాదే తైవాన్‌లో విమాన ప్రమాదంలో మరణించారు. ఆమె పేరిట నెలకొల్పిన ముకోదా కునికో పురస్కారం టీవీ రచయితలకు నేటికీ అత్యంత గౌరవప్రదమైనది. ఒక టీవీ రచయిత్రి పేరు మీద టీవీ రచయితలకు పురస్కారం ఉండటమే అక్కడ ఆ వృత్తికి ఉన్న స్థానం చెబుతుంది.

దీనికి మరొక కారణం పని జరిగే తీరులోనే ఉంది, నా దృష్టిలో అదే అసలు కారణం. జపాన్‌లో ప్రైమ్‌టైమ్ సీరియల్ మూడు నెలలు నడుస్తుంది. జనవరి, ఏప్రిల్, జూలై, అక్టోబర్ నెలల్లో కొత్తవి మొదలవుతాయి. వారానికొక ఎపిసోడ్ చొప్పున మొత్తం పదో పదకొండో వస్తాయి. వాటిని ఇద్దరు ముగ్గురు దర్శకులు వంతులవారీగా తీస్తారు, ఎందుకంటే ఒకరు షూటింగులో ఉండగా మరొకరు ఎడిటింగులో ఉండాలి. రచయిత మాత్రం చాలా సందర్భాల్లో మొదటి ఎపిసోడ్ నుంచి చివరి దాకా ఒక్కరే. కథ, స్క్రీన్‌ప్లే, మాటలు అని మనం మూడు టైటిల్ కార్డులుగా పంచే పనంతా ఆ ఒక్క పేరు కింద ఉంటుంది. నిర్మాతను మినహాయిస్తే సీరియల్ మొత్తాన్ని తలలో మోసే మనిషి రచయితే, కనుక ప్రేక్షకులు కూడా ఆ సీరియల్‌ను ఆ రచయితదిగానే గుర్తుపెట్టుకుంటారు.

ఇక సకమోతో విషయానికి వస్తాను. ఆయన 1967లో ఒసాకాలో పుట్టారు. ఫూజీ టీవీ 1987లో కొత్త రచయితల కోసం ‘యంగ్ సినారియో’ పోటీ మొదలుపెట్టినప్పుడు, ఆ మొట్టమొదటి ఏడాది పెద్ద బహుమతి గెలిచినప్పటికి ఆయన వయసు 19. రెండేళ్లలో సోమవారం రాత్రి తొమ్మిది గంటల సీరియల్ చేతికి వచ్చింది. ఆ సమయం ఫూజీ టీవీకి ఆయువుపట్టు. 1991 జనవరిలో అదే సమయానికి మొదలైన ‘టోక్యో లవ్ స్టోరీ’కి సైమొన్ ఫుమి గీసిన మాంగా (జపనీస్ బొమ్మల కథ) ఆధారం. మాంగాలో కథ నడిచేది ఎహిమే అనే ప్రాంతం నుంచి టోక్యోకు వచ్చిన కుర్రవాడి వైపు నుంచి. సకమోతో రాసిన రూపంలో కథకు గుండెకాయ అయినది అతన్ని ప్రేమించిన రికా అనే అమ్మాయి. అప్పటి సీరియళ్లలో ప్రేమను ముందుగా బయటపెట్టే పని ఆడపిల్లకు అంతగా దక్కేది కాదు. రికా నవ్వుతూ, దాచుకోకుండా ప్రేమిస్తుంది, ఓడిపోతుంది. చివరి ఎపిసోడ్‌లో ఎహిమేలో సముద్రపు ఒడ్డునున్న బైషింజీ అనే చిన్న స్టేషన్‌లో, అతను రావడానికి ముందే వెళ్లే రైలెక్కిన ఆమె, ప్లాట్‌ఫాం కంచెకు ఒక రుమాలు కట్టి వెళ్తుంది. దాని మీద వీడ్కోలు మాట లిప్‌స్టిక్‌తో రాసి ఉంటుంది. ఏడుపులూ సంభాషణలూ లేని ఆ ముగింపును అభిమానులు ఎంతగా గుర్తుంచుకున్నారంటే తర్వాతి ఏళ్లలోనూ ఆ స్టేషన్‌కు వెళ్లి రుమాళ్లు కట్టి వస్తున్నారు. ఆ ఎపిసోడ్ రేటింగు 32.3 శాతం. రాసినవాడికి అప్పటికి 23 ఏళ్లు.

మన దగ్గరైతే ఆ తర్వాత పదేళ్లు అదే మూసలో రాయిస్తారు. అక్కడా రాయించాలనే చూశారు. ప్రేమకథల రచయిత అన్న ముద్ర పడింది, కొన్నాళ్లు రాశారు కూడా. తొంభైల మధ్యకు వచ్చేసరికి ఆయన టీవీకి దూరమయ్యారు. ఆ కాలంలో చేసిన పనుల్లో నాకు ముచ్చటగా తోచేది 1997లో వచ్చిన ఒక వీడియో గేమ్. ఈనో కెంజీ అనే రూపకర్త సెగా సాటర్న్ యంత్రం కోసం చేసిన ‘రియల్ సౌండ్’ అనే ఆ ఆటలో బొమ్మే ఉండదు. తెర నల్లగా ఉంటుంది; కథ మొత్తం మాటలతోనూ చప్పుళ్లతోనూ సాగుతుంది, చూపులేనివారూ అందరితో సమానంగా ఆడవచ్చు. దానికి స్క్రిప్టు సకమోతోది. టీవీలో ఆయన పాత్రలు గొంతు పెంచకుండానే అంతంతసేపు మాట్లాడుకుంటూ మనల్ని కట్టి కూర్చోబెట్టడానికి ఈ పనిలో దొరికిన సాధన కొంత కారణమని నా అనుమానం. ఇది నా ఊహే, ఆయన చెప్పిన మాట కాదు.

మీ ప్రశ్నకు సూటిగా తగిలే సంగతి ఇక్కడ వస్తుంది. 2004లో యుకిసదా ఇసావో దర్శకత్వంలో ‘క్రయింగ్ అవుట్ లవ్’ అనే సినిమా వచ్చింది. ఒక నవల ఆధారంగా తీసిన ఆ ప్రేమకథ సుమారు 850 కోట్ల యెన్లు వసూలు చేసి, ఆ ఏడాది జపనీస్ సినిమాల్లో పెద్ద విజయాల సరసన నిలిచింది. స్క్రిప్టు రాసిన ముగ్గురిలో సకమోతో ఒకరు, మిగతా ఇద్దరిలో దర్శకుడు కూడా ఉన్నారు. అంటే కాన్‌కు దాదాపు ఇరవై ఏళ్ల ముందే ఆయన సినిమాలో భారీ విజయం చూశారు. అయినా ఆయన గురించి మాట్లాడేటప్పుడు ఆ సినిమాను మొదట తలచుకునేవారు నాకింతవరకు తారసపడలేదు. సినిమా ఇచ్చింది ఒక పెద్ద విజయంలో పాలుపంచుకున్న పేరు మాత్రమే. ఆయనకంటూ ఒక గొంతు ఉందని జనానికి తెలిసింది ఆ తర్వాత టీవీలో రాసిన వాటివల్ల.

2007లో ‘మన పాఠ్యపుస్తకం’ అన్న అర్థం వచ్చే పేరుతో, బడిలో పిల్లల మధ్య సాగే వేధింపుల మీద రాసిన సీరియల్‌కు ముకోదా కునికో పురస్కారం వచ్చింది. అక్కడి నుంచి ఆయన ఎంచుకున్న విషయాలు చూడండి. 2010లో నిప్పాన్ టీవీకి రాసిన ‘మదర్’లో, ఉత్తరాన మురొరాన్ అనే ఓడరేవు పట్టణంలో తాత్కాలిక టీచరుగా పనిచేసే ఒక ఒంటరి స్త్రీ, ఇంట్లో హింసకు గురవుతున్న పిల్లను ఎత్తుకుపోయి తన కూతురిగా పెంచాలనుకుంటుంది. మొదటి ఎపిసోడ్‌లో చలిరాత్రి చెత్తసంచిలో కట్టేసి ఇంటి బయట పడేసిన ఆ పిల్లను టీచరు కనిపెడుతుంది. అలాంటి చోట మరో రచయిత కన్నీళ్ల మీద ఆధారపడేవాడు. సకమోతో ఆ పిల్ల చేతికి ఒక నోటుపుస్తకం ఇచ్చారు. అందులో ఆ పిల్ల తనకు ఇష్టమైనవి మాత్రమే రాసుకుంటుంది, ఇష్టంలేనివి రాయదు: గిరగిర తిరిగే కుర్చీ, వంపు తిరిగిన ఏటవాలు దారి, క్రీమ్ సోడా. పిల్ల ఎంత బాధ పడుతోందో ఒక్కమాటైనా చెప్పకుండా ఆ జాబితా మనకు అంతా చెప్పేస్తుంది. ఆ పాత్ర వేసిన అషిదా మనాకు అప్పటికి అయిదేళ్లు. ఈ సీరియల్‌ను 2016లో తుర్కియేలోనూ, 2018లో దక్షిణ కొరియాలోనూ తిరిగి తీశారు, ఆ తర్వాత మరికొన్ని దేశాలకూ వెళ్లింది. 2013లో రాసిన ‘వుమన్’ కూడా తుర్కియేకు వెళ్లి అక్కడ పెద్ద సీరియల్ అయింది. ఆయన సినిమా ఒక్కటైనా విదేశీ పురస్కారం పొందకముందే ఆయన టీవీ కథలు దేశాలు దాటాయన్నమాట.

2011లో ఫూజీ టీవీలో వచ్చిన ‘సొరెదెమో, ఇకితె యుకు’ (అయినా బతుకుతూనే ఉంటాం అని అర్థం) నా లెక్కలో ఆయన రాసిన వాటన్నిటిలోకీ గొప్పది. పదిహేనేళ్ల కిందట చిన్న చెల్లెలిని పోగొట్టుకున్న యువకుడికి, ఆ పిల్లను చంపిన కుర్రవాడి చెల్లెలు ఎదురవుతుంది. బాధితుల ఇల్లూ నేరస్థుడి ఇల్లూ రెండూ కూలిపోయి ఉన్నాయని ఇద్దరికీ అర్థమయ్యే కొద్దీ కథ నడుస్తుంది. రేటింగులు అంతంతమాత్రంగానే వచ్చాయి. మూడు నెలల సీరియల్‌కు రేటింగు పడిపోతే మధ్యలో కొత్త ట్రాకు తగిలించడం, విలన్‌ను దించడం వంటి వెసులుబాటు తక్కువ, పైగా అవతల రాసేవాడు ఒక్కడే. ఆ ఒక్కడి కథకు చివరిదాకా దన్నుగా నిలిచే నిర్మాత ఉండాలి. సకమోతోకు అలాంటివాళ్లు దొరికారు: ‘మదర్’, ‘వుమన్’ తర్వాత 2018లో ‘అనొనె’ దాకా నిర్మాత త్సుగియా హిసషి, దర్శకుడు మిజుతా నొబువోలతో కలిసి పనిచేశారు. మరోవైపు టీబీఎస్ అనే మరో టీవీ సంస్థలో నిర్మాత సానో అయుమి, దర్శకుడు దోయ్ నొబుహిరోలతో 2017లో ‘క్వార్టెట్’ వచ్చింది.

‘క్వార్టెట్’ గురించి కాస్త ఆగి చెప్పాలి, మాటల రచయితగా మీకు పనికొస్తుంది కనుక. కరుయిజావా అనే కొండప్రాంతపు విడిదిలో వయొలిన్, వయోలా, చెలో వాయించే నలుగురు కలిసి ఉంటారు. మొదటి ఎపిసోడ్‌లో భోజనాల బల్ల మీద వేయించిన కోడి ముక్కల పళ్లెం ఉంటుంది. ఇద్దరు అడగకుండానే పళ్లెమంతటి మీదా నిమ్మకాయ పిండేస్తారు. అడగకుండా ఎందుకు పిండారని ఒకతను నిలదీస్తాడు, పిండిన నిమ్మరసాన్ని వెనక్కి తీయలేమంటాడు. నవ్వొచ్చే గొడవే. అయితే ఆ బల్ల దగ్గర కూర్చున్న మాకి అనే ఆమె భర్త ఏడాది కిందట ఇంటి నుంచి మాయమయ్యాడు. అతను వేరే చోట స్నేహితుడితో కూర్చుని, తనకు కోడి మీద నిమ్మకాయ నచ్చదని, భార్యకు ఆ మాట ఎన్నడూ చెప్పలేదని అనడం ఆమె చెవిన పడి ఉంది. భార్య మీద ప్రేమ ఉంది గాని ఆమె అంటే ఇష్టం లేదని కూడా అతను అక్కడే అంటాడు. ఇన్నాళ్లూ తాను ప్రేమగా పిండిన నిమ్మకాయ సంగతి ఆమెకు అప్పుడు తెలుస్తుంది. పెళ్లి ఎందుకు చెడిందో వివరించే సన్నివేశం ఇక రాయనవసరం లేదు. మనం ఇదే విషయాన్ని అత్తగారి ఎదుట అయిదు నిమిషాల క్లోజప్పులతో రాస్తాం. నేను ఎగతాళికి అనడం లేదు, రోజుకొక ఎపిసోడ్ నింపాల్సినవారికి నిమ్మకాయతో గడవదు. ఈ సీరియల్ రేటింగు సగటున ఒక అంకె దాటలేదు. అయినా ప్రభుత్వం ఏటా కళలకిచ్చే గౌరవాల్లో ప్రసార రంగపు పురస్కారం ఆ ఏడాది ‘క్వార్టెట్’ రాసినందుకు ఆయనకే దక్కింది.

2018లో ‘అనొనె’ ముగిశాక కొంతకాలం సీరియళ్లు రాయనని ప్రకటించారు. ఆ విరామంలో కూడా సినిమావైపు ఒంటరిగా వెళ్లలేదు. దోయ్ నొబుహిరో దర్శకత్వంలోనే 2021 జనవరిలో వచ్చిన ‘హనతబా’ అనే ప్రేమకథ, ఏ నవలా ఏ మాంగా ఆధారం లేని సొంత కథ, 300 కోట్ల యెన్లకు పైగా వసూలు చేసింది. టీవీలో ఆయన పేరు మీద నమ్మకం పెట్టుకున్న ప్రేక్షకులే ఆ సినిమాకు మొదటి వారం క్యూ కట్టారని నేను అనుకుంటాను.

‘మాన్‌స్టర్’ దగ్గరికి వద్దాం. దర్శకుడు కొరెఎదా హిరొకాజు తన సినిమాలు తానే రాసుకుని తానే ఎడిట్ చేసుకునే మనిషి. 1995 నాటి తొలి చిత్రం తర్వాత మరొకరి స్క్రిప్టుతో ఆయన తీసిన సినిమా ఇదొక్కటే. నిర్మాత కవామురా గెంకీ, సకమోతోలు తయారుచేసుకున్న కథారూపం 2018 చివర్లో ఆయన చేతికి వెళ్లింది, సినిమా విడుదలైంది 2023 జూన్‌లో. ఆ మధ్య ఏళ్లన్నీ వెర్షన్ మీద వెర్షన్ రాసినవే. కొరెఎదాకు సకమోతో కొత్తవారు కాదు. వదిలేసిన పిల్లలు, నేరస్థుల కుటుంబాలు, రక్తసంబంధం లేకుండా ఇల్లయినవాళ్లు, ఈ విషయాల చుట్టూ ఇద్దరూ వేర్వేరుగా చాలాకాలంగా తిరుగుతూనే ఉన్నారు.

ఈ కథకు మూలమైన ఒక సంఘటనను సకమోతో కాన్‌లో విలేకరులకు చెప్పారు. కారు నడుపుతూ సిగ్నల్ దగ్గర ఒక లారీ వెనుక ఆగారు. పచ్చదీపం వెలిగినా లారీ కదలలేదు. ఆయన హారన్ కొట్టారు. తీరా చూస్తే లారీ ముందు చక్రాల కుర్చీలో ఉన్న మనిషి ఇంకా రోడ్డు దాటుతున్నారు. వెనక ఉన్న తనకు ఆ మనిషి కనపడలేదంతే. సినిమాలోని మూడు భాగాలూ ఇదే పద్ధతిలో కట్టినవి: తల్లికి టీచరు రాక్షసుడిలా కనిపిస్తాడు, టీచరు వైపు నుంచి చూస్తే లెక్క తారుమారవుతుంది, చివరికి పిల్లలిద్దరి వైపు నుంచి చూసేసరికి పెద్దవాళ్లెవరికీ కనపడనిదేమిటో మనకు తెలుస్తుంది. దీన్ని, ఒకే సంఘటనను నలుగురు నాలుగు రకాలుగా చెప్పే కురొసావా సినిమా ‘రషోమోన్’తో పోల్చి తేల్చేయడం నాకు నచ్చదు. అక్కడ చెప్పేవాళ్లు జరిగినదాన్ని తమకు అనువుగా మార్చి చెబుతారు. ఇక్కడ జరిగింది మారదు, లారీ ముందు ఉన్నారా వెనక ఉన్నారా అన్నదే మారుతుంది. పురస్కారం ప్రకటించే రోజుకు సకమోతో జపాన్‌కు తిరిగి వెళ్లిపోయారు, ఆయన తరఫున కొరెఎదా అందుకున్నారు.

అదే ఏడాది నెట్‌ఫ్లిక్స్‌తో అయిదేళ్ల ఒప్పందం కుదిరింది. దాని కింద మొదట వచ్చిన ఓడ మీది హాస్య ప్రేమకథ నా దృష్టిలో నిలబడలేదు; రెండు గంటల్లో ముగించవలసిన చోట ఆయన నిమ్మకాయలకు కావలసిన తీరిక దొరకదు. 2025లో వచ్చిన రెండు సినిమాల్లో ‘ఫస్ట్ కిస్’ ఆయన పాత బలాన్ని మళ్లీ చూపింది.

పోటీల సంగతి. గెలిస్తే పని దొరుకుతుందా అంటే, తలుపు తెరుచుకుంటుంది, అంతవరకే. ఫూజీ టీవీ పోటీలో పెద్ద బహుమతి 50 లక్షల యెన్లు, గెలిచిన స్క్రిప్టును సాధారణంగా ఒక ఎపిసోడ్‌గా తీసి ప్రసారం చేస్తారు. నొగి అకికో 2010లో అందులో గెలిచి ఇప్పుడు అగ్రశ్రేణిలో ఉన్నారు. 2024లో ఆమె రాసిన ‘లాస్ట్ మైల్’ సినిమా తన పాత టీవీ సీరియళ్ల లోకంలోనే జరుగుతుంది. 2021లో గెలిచిన ఉబుకతా మికు అంతకుముందు ఆసుపత్రిలో పనిచేసేవారు. మరుసటి ఏడాదే ప్రైమ్‌టైమ్ సీరియల్ ‘సైలెంట్’ రాశారు. ఆమె సకమోతో అభిమాని కూడా. సినిమా స్క్రిప్టులకు 1974 నుంచి కిదో పురస్కారం ఉంది. అయితే గెలిచినవాళ్లలో చాలామంది ఆ తర్వాత కొన్నేళ్లు నిర్మాతల కోసం కథాసారాంశాలు రాసే పనిలో ఉంటారు. ఆ ప్రాజెక్టు ముందుకు కదలకపోతే దానికి డబ్బు రాకపోవడమూ మామూలే. ఈ విషయంలో ఫిలింనగర్ సిట్టింగులకూ అక్కడికీ పెద్ద తేడా లేదు.

పని క్రమం కూడా మీకు తెలిసినదానికి దగ్గరే. ముందు కథాసారాంశం, తర్వాత ఒక్కొక్క సీన్‌లో ఏం జరగాలో గళ్లు గీసి రాసుకున్న పట్టిక, ఆ తర్వాత మొదటి వెర్షన్. నిర్మాతా దర్శకుడూ ఎదురుగా కూర్చుని ఒక్కో పేజీ తిప్పుతూ చర్చిస్తారు, అలా కొన్ని వెర్షన్ల తర్వాత షూటింగ్ ప్రతి అచ్చవుతుంది. నాలుగువందల గళ్ల కాగితం ఒకటి నిండితే తెర మీద సుమారు ఒక నిమిషమని లెక్క. మొదటి ఎపిసోడ్ ప్రసారమయ్యే నాటికి చివరి ఎపిసోడ్లు ఇంకా రాస్తూ ఉండటం మామూలు కనుక తీరిక అక్కడా లేదు.

హక్కుల విషయంలో మాత్రం తేడా చాలా ఉంది. జపాన్ కాపీరైట్ చట్టం సినిమాకు కర్తలెవరో చెప్పేటప్పుడు నవలా రచయితనూ స్క్రిప్టు రచయితనూ వారి నుంచి మినహాయిస్తుంది. ఎందుకంటే స్క్రిప్టు అనేది సినిమాకు ముందే విడిగా ఉన్న రచన, దాని హక్కు రాసినవారిది. అందువల్ల పునఃప్రసారానికి, డీవీడీకి, స్ట్రీమింగ్‌కు రచయితకు అదనపు రుసుము చెల్లించాలి, ఆ వసూలు రచయితల సంఘాలు చూస్తాయి. పేరున్న రచయిత సీరియల్ స్క్రిప్టులు పుస్తకాలుగా వస్తాయి, సకమోతోవి పుస్తకాల దుకాణంలో నవలల పక్కనే దొరుకుతాయి. మన దేశంలోనూ 2012 కాపీరైట్ సవరణ రచయితల రాయల్టీ హక్కును కాగితం మీద కాపాడింది. మీరు సంతకం చేసే ఒప్పందంలో ఆ హక్కు గురించి ఏం రాసి ఉందో మాత్రం ఒకసారి చూసుకోండి.

అక్కడ అంతా సజావుగా ఉందని అనుకోవద్దు. సీరియళ్లలో సగానికి సగం మాంగాల మీదా నవలల మీదా ఆధారపడినవే కావడంతో, మూల రచయితకూ స్క్రిప్టు రచయితకూ మధ్య టీవీ సంస్థ సరిగా మాట్లాడకపోతే ఇద్దరూ నలుగుతారు. 2024 జనవరిలో ఒక మాంగా రచయిత్రి మరణం తర్వాత ఈ విషయం జాతీయస్థాయి చర్చ అయింది, సంస్థలు తమ పద్ధతులు మార్చుకోవలసి వచ్చింది.

మనం తెచ్చుకోదగ్గదేమిటన్న చివరి ప్రశ్నకు, వారానికి అయిదారు ఎపిసోడ్లు రాసే మీ పరిస్థితిలో ఆ పద్ధతి మొత్తాన్ని తేవడం కుదరదని నాకు తెలుసు. కానీ ఓటీటీలో ఆరు నుంచి ఎనిమిది ఎపిసోడ్ల తెలుగు సిరీస్‌లు వస్తున్నాయి. రచయిత ఒక్కరే చివరిదాకా రాయగలిగే నిడివి అదే. ఒక సొంత కథను ఆ నిడివికి, మొదటి రెండు ఎపిసోడ్లు పూర్తి స్క్రిప్టుగా, మిగతావి సీన్ల పట్టికగా రాసి పెట్టుకోండి. దర్శకుడి కంటే ముందు, రచయితను నిలబెట్టే ఓపిక ఉన్న నిర్మాత కోసం చూడండి. మాటలు మాత్రమే కాకుండా కథ, స్క్రీన్‌ప్లే కూడా మీవేనని టైటిల్ కార్డులో ఉండేలా ముందే మాట తీసుకోండి, వీలైతే రాతపూర్వకంగా. ఈలోగా ‘మదర్’ మొదటి ఎపిసోడ్, ‘క్వార్టెట్’ మొదటి రెండు ఎపిసోడ్లు చూసి, తర్వాత ‘మాన్‌స్టర్’ను రెండోసారి చూడండి. రెండోసారి చూస్తున్నప్పుడు తల్లి భాగంలో టీచరు కనిపించే ప్రతి సీన్‌నూ ఒక కాగితం మీద రాసుకుని, అవే సీన్లు టీచరు భాగంలో ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తున్నాయో పక్కన రాయండి. సీన్‌ను ఎక్కడ కత్తిరించారన్న దాని మీదే ఆ స్క్రీన్‌ప్లే అంతా నిలబడి ఉందని మీకే కనిపిస్తుంది.